మీ ప్రశ్నలు – మా జవాబులు: హర్లింగ్, హెన్రీ షెఫ్లిన్, క్లబ్ మేనేజర్ పని

పోయిన సంచికలో హర్లింగ్ అనే ఐర్లండ్ కర్రా బంతీ ఆటలో పేరుపొందిన హెన్రీ షెఫ్లిన్‌ని అరపేజీలో పరిచయం చేశాం. కిల్కెన్నీ కౌంటీ (మన జిల్లా లాంటిది) తరఫున పది ఆల్ ఐర్లండ్ (కౌంటీల మధ్య జాతీయ టైటిల్) పతకాలు గెలిచి, 2015లో కౌంటీ జట్టు నుంచి తప్పుకున్నాడు. తర్వాత సొంత ఊరి క్లబ్బు బాలీహేల్ షామ్‌రాక్స్‌కి మేనేజరై వరసగా రెండేళ్లు దాన్ని ఐర్లండ్ చాంపియన్‌గా నిలబెట్టాడు. ఆ పరిచయం చదివి చాలామంది రాశారు. ఒకేలాంటి ప్రశ్నల్ని కలిపి ఇక్కడ జవాబులిస్తున్నాం.

ప్రశ్న (నిజామాబాద్ నుంచి): 2019 క్లబ్ ఫైనల్లో బాలీహేల్ 2-28, సెయింట్ థామస్ 2-11 అని వేశారు. రెండు వైపులా 2 ఉంది కదండీ, మరి ఎవరు గెలిచినట్టు? ఆట గురించి కూడా కాస్త చెప్పండి.

జవాబు: గీతకి ముందున్న అంకె గోల్స్, తర్వాతది పాయింట్లు. ఒక గోల్ మూడు పాయింట్లతో సమానం. బాలీహేల్ లెక్క 2×3+28, అంటే 34. సెయింట్ థామస్ లెక్క 2×3+11, అంటే 17. సరిగ్గా రెట్టింపు స్కోరుతో బాలీహేల్ గెలిచింది. గోల్‌పోస్టు ఇంగ్లిష్ 'హెచ్' అక్షరంలా ఉంటుంది. వెడల్పు ఆరున్నర మీటర్లు, అడ్డకర్ర ఎత్తు రెండున్నర మీటర్లు. బంతి అడ్డకర్ర కిందనుంచి వలలో పడితే గోల్, పైనుంచి రెండు స్తంభాల మధ్యగా వెళితే పాయింటు.

జట్టుకి పదిహేను మంది. మైదానం పొడవు 130 నుంచి 145 మీటర్లు, వెడల్పు 80 నుంచి 90 మీటర్లు. మన హాకీ మైదానం పొడవు 91.4 మీటర్లే. కర్రని హర్లీ అంటారు, కిల్కెన్నీ వైపు 'హర్ల్' అనేస్తారు. దాని చివర చదునుగా, అరచేతి కంటే వెడల్పుగా ఉండే భాగం పేరు 'బాస్', అది 13 సెంటీమీటర్లు మించకూడదు. బంతి పేరు స్లిటర్, బరువు 110 నుంచి 116 గ్రాములు. నేలమీద ఉన్న బంతిని చేత్తో తీయకూడదు, కర్రతోనో కాలితోనో లేపాలి. చేతిలోకి వచ్చాక నాలుగడుగులకు మించి వేయకూడదు. కర్ర మీద నిలబెట్టుకుని పరిగెత్తడానికి మాత్రం అడుగుల లెక్క లేదు. కౌంటీల మధ్య జరిగే సీనియర్ చాంపియన్‌షిప్ మ్యాచ్ 70 నిమిషాలు, క్లబ్ మ్యాచ్ 60 నిమిషాలు.

ఫలితం చూసేటప్పుడు మొదటి అంకె చూసి ఒక నిర్ణయానికి రాకండి. 2012లో కిల్కెన్నీ, గాల్వే ఆల్ ఐర్లండ్ ఫైనల్ 0-19, 2-13 దగ్గర ఆగింది. కిల్కెన్నీ ఒక్క గోల్ కూడా వేయలేదు, అయినా మ్యాచ్ డ్రా. ఆ మ్యాచ్ ఆఖర్లో స్కోరు సమంగా ఉండగా కిల్కెన్నీకి పెనాల్టీ దొరికింది. షెఫ్లిన్ వలలోకి కొట్టకుండా అడ్డకర్ర పైనుంచి పంపి ఒక్క పాయింటు తీసుకున్నాడు. చివరి క్షణాల్లో గాల్వే ఆటగాడు జో కానింగ్ ఫ్రీ (ఎదుటివాళ్ల తప్పుకి దొరికే ఉచిత దెబ్బ) కొట్టి సమం చేశాడు. మళ్లీ ఆడించిన ఫైనల్లో కిల్కెన్నీ 3-22, 3-11 తేడాతో గెలిచింది. ఆ పెనాల్టీ గురించి ఐర్లండ్‌లో చాలా వాదించుకున్నారు. మా దృష్టిలో అది సరైన లెక్కే. అప్పటి నిబంధన ప్రకారం పెనాల్టీకి ఎదురుగా గోల్ గీత మీద ముగ్గురు నిలబడేవారు. ఒక్కరే నిలబడాలన్న నియమం 2015లో వచ్చింది.

ప్రశ్న (విజయవాడ నుంచి): పది పతకాలంటే మామూలు విషయమేనా, లేక నిజంగా గొప్పా? జట్టు బలంగా ఉంటే ఎవరికైనా వస్తాయేమో?

జవాబు: జట్టు బలం ఉన్నమాట నిజమే. 1998 చివర్లో బ్రయన్ కోడీ కిల్కెన్నీ పగ్గాలు తీసుకుని 2022 దాకా వదల్లేదు, ఆ కాలంలో పదకొండు ఆల్ ఐర్లండ్‌లు గెలిపించాడు. షెఫ్లిన్ 1999లో జట్టులోకి వచ్చాడు. ఆ ఏడు ఫైనల్లో కార్క్ చేతిలో 0-13, 0-12, ఒకే ఒక్క పాయింటు తేడాతో ఓడిపోయారు. తర్వాత 2000, 2002, 2003, 2006 నుంచి 2009 వరకు వరసగా నాలుగు, 2011, 2012, 2014. అంతకుముందు రికార్డు ఎనిమిది. అది కార్క్‌కి చెందిన క్రిస్టీ రింగ్, టిప్పరేరీకి చెందిన జాన్ డాయిల్ పేరన ఉండేది.

వ్యక్తిగా అతని స్థాయి తెలియాలంటే ఆల్ స్టార్ ఎంపికలు చూడండి. ఏటా దేశం మొత్తం మీద పదిహేను మంది అత్యుత్తమ ఆటగాళ్లని, స్థానానికి ఒకరు చొప్పున, ఎంచుతారు. షెఫ్లిన్‌ని పదకొండుసార్లు ఎంచారు. 2002 నుంచి 2009 వరకు ఒక్క ఏడాది కూడా పేరు తప్పిపోలేదు. ఏడాది ఉత్తమ హర్లర్ బిరుదు మూడుసార్లు వచ్చింది: 2002, 2006, 2012. చాంపియన్‌షిప్‌లో 71 మ్యాచ్‌లాడి 27-484 చేశాడు, అంటే 565 పాయింట్లు. రిటైరయ్యేనాటికి అంత చేసినవాడు లేడు. తర్వాత జో కానింగ్ దాటాడు, కానింగ్‌ని బాలీహేల్ ఆటగాడే అయిన టీజే రీడ్ దాటాడు.

పదో పతకం విషయం విడిగా చెప్పాలి. 2014లో షెఫ్లిన్ బెంచి మీద ఉన్నాడు. టిప్పరేరీతో మళ్లీ ఆడించిన ఫైనల్లో చివర్లో సబ్‌స్టిట్యూట్‌గా దిగాడు. పదిహేనేళ్లుగా జట్టుకి ఆధారంగా ఉన్నవాడికి బెంచి మీద కూర్చోవడం ఎంత కష్టమో ఊహించుకోవచ్చు. మేనేజర్ కాబోయేవాడికి అంతకు మించిన పాఠం ఉండదని మా అభిప్రాయం. పక్కన పెట్టిన కుర్రాడితో ఏం మాట్లాడాలో తెలియాలంటే ఆ బెంచి మీద కూర్చుని ఉండాలి.

ప్రశ్న (కరీంనగర్ నుంచి): అంతటి ఆటగాడికి, మేనేజర్‌కి జీతం ఎంత ఉంటుందండీ?

జవాబు: ఆటగాడికి జీతం లేదు. 1884 నవంబరు 1న థర్లెస్ పట్నంలో పుట్టిన గేలిక్ అథ్లెటిక్ అసోసియేషన్, అందరూ జీఏఏ అనేది, నేటికీ అమెచ్యూర్ సంఘమే. ఎనభై రెండు వేల మంది పట్టే క్రోక్ పార్క్ నిండిపోయినా ఆడేవాడు సోమవారం పొద్దున ఉద్యోగానికి వెళ్లాల్సిందే. షెఫ్లిన్ ఆడిన కాలంలో బ్యాంకు ఉద్యోగి. ప్రయాణం, భోజనం ఖర్చులిస్తారు. కౌంటీ ఆటగాళ్లకి ప్రభుత్వం నుంచి కొంత గ్రాంటు అందుతుంది.

మేనేజర్లకి కూడా నిబంధన ప్రకారం ఖర్చులే. బయటనుంచి వచ్చే మేనేజర్లకి కొన్ని క్లబ్బులు లోపాయికారీగా డబ్బిస్తాయన్నది అక్కడ ఎప్పటినుంచో నలిగే మాట. 2012లో అప్పటి డైరెక్టర్ జనరల్ పారిక్ డఫీ దీని మీద చర్చాపత్రమే విడుదల చేశారు. సొంత క్లబ్బుకి సొంత ఊరివాడే మేనేజరైతే ఆ ప్రశ్నే రాదు.

ప్రశ్న (తిరుపతి నుంచి ఒక ఫిజికల్ డైరెక్టర్): కౌంటీ జట్టు సంగతి పక్కన పెట్టండి. ఊరి క్లబ్బు మేనేజర్ నిజంగా ఏం చేస్తాడు? వారంలో ఎన్ని రోజులు ప్రాక్టీసు, మ్యాచ్ రోజు ఏం చేస్తాడు, ఎక్కడ దెబ్బతింటాడు? వివరంగా రాయగలరు.

జవాబు: అన్నిటికంటే ముందు క్యాలెండరు తెలియాలి, ఎందుకంటే మేనేజర్ తలనొప్పి అక్కడే మొదలవుతుంది. జీఏఏలో ఏ ఊరివాడు ఆ ఊరి క్లబ్బుకే ఆడతాడు. ప్యారిష్ (ఒక చర్చి పరిధిలోని ఊళ్లు) సరిహద్దే క్లబ్ సరిహద్దు. ఆటగాళ్లని కొనుక్కునే పద్ధతి లేదు. బాలీహేల్, నాక్‌టోఫర్, నాక్‌మోయిలన్ అనే మూడు చిన్న ఊళ్లు కలిసి 1972లో షామ్‌రాక్స్‌గా ఏర్పడ్డాయి. ఉన్న పిల్లలతోనే జట్టు. వాళ్లలో బాగా ఆడేవాళ్లని కౌంటీ జట్టు తీసుకుపోతుంది. 2022 నుంచి ఏడాదిని రెండుగా విడగొట్టారు: జూలై దాకా కౌంటీది, ఆ తర్వాత క్లబ్బుది. షెఫ్లిన్ మేనేజర్‌గా ఉన్న 2018, 2019 సీజన్లలో అంత స్పష్టమైన గీత లేదు. వసంతంలో కొన్ని క్లబ్ మ్యాచ్‌లు, తర్వాత నెలల తరబడి విరామం, మళ్లీ శరదృతువులో క్లబ్ మ్యాచ్‌లు. టీజే రీడ్, ఏడ్రియన్ మలన్ లాంటివాళ్లు కౌంటీ శిబిరంలో ఉంటే మిగతావాళ్లతో సాయంత్రాలు నెట్టుకురావాలి.

కాబట్టి మేనేజర్ మొదటి పని, జట్టుని రెండుగా చీలిపోకుండా చూడటం. కౌంటీ ఆటగాళ్లు తిరిగొచ్చేసరికి అలిసిపోయి ఉంటారు. ఊళ్లో ఉన్నవాళ్లు ఆకలిగా ఉంటారు. వచ్చినవాళ్లకి మొదటి పది రోజులు పరుగులు పెట్టించకూడదు, వాళ్ల కాళ్లలో ఆ భారం ఇప్పటికే ఉంది. బంతితో చిన్న ఆటలు చాలు. ఊళ్లో ఉన్నవాళ్లకి ఆ రోజుల్లో కూడా బరువైన పని ఉండాలి. ఇద్దరికీ ఒకే ప్రాక్టీసు పెట్టిన మేనేజర్లకి సెప్టెంబరులో తొడ కండరాల గాయాలు వరసపెట్టి వస్తాయి.

మామూలుగా వారానికి రెండు సాయంత్రాలు మైదానం, వారాంతంలో మ్యాచ్. ఆదివారం మ్యాచ్ ఉంటే మంగళవారం గట్టి ప్రాక్టీసు, శుక్రవారం తేలికది. మంగళవారం 75 నిమిషాలు దాటనివ్వరు. మొదటి పావుగంట వేడెక్కడం కూడా బంతీ కర్రతోనే, ఉత్తి పరుగుతో కాదు. తర్వాత ఇరవై నిమిషాలు ఇరుకు జాగాలో, సుమారు 40 మీటర్లకి 30, ఐదుగురికి ఐదుగురు ఆడే ఆట. ఇక్కడ బంతి మీద మొదటి స్పర్శ, ఒత్తిడిలో చేతిపాస్ మెరుగవుతాయి. చేతిపాస్‌లో బంతిని తట్టిన దెబ్బ స్పష్టంగా కనిపించాలి. కనిపించకపోతే రెఫరీ విసిరావంటూ ఫ్రీ ఇస్తాడు. అందుకే ప్రాక్టీసులో కూడా విజిలు పట్టుకున్నవాడు దాన్ని వదలకూడదు. ఆ తర్వాత పకౌట్ల మీద పదిహేను నిమిషాలు. చివర అసలు మ్యాచ్, పదిహేనుకి పదిహేను, రెండు పది నిమిషాల భాగాలు. కిల్కెన్నీలో ఈ ఆఖరి భాగానికే పేరు. కోడీ కాలంలో కిల్కెన్నీ మైదానం నోలన్ పార్క్‌లో జరిగే ప్రాక్టీసు మ్యాచ్‌లు అసలు మ్యాచ్‌ల కంటే గట్టిగా ఉండేవని ఆడినవాళ్లందరూ చెప్పేదే.

పకౌట్ గురించి ఇంకాస్త చెప్పాలి. ప్రతి స్కోరు తర్వాత, ప్రతి వైడ్ (పోస్టుల పక్కనుంచి బయటికి పోయిన దెబ్బ) తర్వాత గోల్‌కీపర్ చేతిలోంచి బంతి కొట్టి ఆట మొదలుపెడతాడు. 2019 ఫైనల్లో రెండు జట్లూ కలిపి 43 స్కోర్లు చేశాయి. వైడ్లు కూడా కలిపితే అరవై నిమిషాల్లో ఎన్నిసార్లు ఆట గోల్‌కీపర్ చేతినుంచి మళ్లీ మొదలైందో లెక్కేసుకోండి. ఎదుటి జట్టు వెనక్కి తగ్గితే కార్నర్ బ్యాక్‌కి (గోల్‌కి పక్కగా ఉండే డిఫెండర్) పొట్టిగా కొట్టి బంతి నిలుపుకోవాలి. వాళ్లు ముందుకొచ్చి మూసేస్తే 10, 11, 12 నంబర్ల హాఫ్ ఫార్వర్డ్ వరస మీదకి పొడుగ్గా కొట్టాలి. పొడుగ్గా కొట్టినప్పుడు బంతి కోసం ఒక్కడే గాల్లోకి లేవాలి. మిగిలిన ఇద్దరూ అయిదారు మీటర్ల దూరంలో, ఒకడు ముందు, ఒకడు వెనక, జారిపడే బంతి కోసం కాచుకోవాలి. చెడిపోయేది ఇక్కడే. ముగ్గురూ లేస్తారు, బంతి కింద పడుతుంది, ఎదుటివాడు తీసుకుని వెళ్లిపోతాడు. గోల్‌కీపర్ కొట్టే ముందు చేసే సైగ ఫార్వర్డ్లకి అర్థం కాకపోయినా ఇదే జరుగుతుంది. మూడు సైగల కంటే ఎక్కువ పెట్టుకున్న జట్టు పెద్ద మ్యాచ్‌లో తికమకపడుతుంది.

మ్యాచ్ రోజు మేనేజర్ పక్కన ఇద్దరు ముగ్గురు సెలెక్టర్లుంటారు. ఒకరు డిఫెన్సుని, ఒకరు ఫార్వర్డ్లని చూస్తారు. గ్యాలరీలో ఎత్తున ఒకరు కూర్చుని పకౌట్లు ఎన్ని గెలిచాం, బంతి ఎక్కడ పోగొట్టుకున్నాం, ఎన్ని వైడ్లు కొట్టాం అని గీతలు గీస్తారు. గీత పక్కన ఒకడు హర్లీల సంచితో నిలబడతాడు. ప్రతి ఆటగాడివీ రెండు మూడు కర్రలు అందులో ఉంటాయి. పిడి చివర నంబరు పెద్దగా రాయాలి, ఎందుకంటే విరిగిన కర్రతో ఉన్నవాడికి సరైన కర్ర అందించడానికి దొరికేది అయిదు సెకన్లు. ఒకడి కర్ర 35 అంగుళాలు, ఇంకొకడిది 36. తప్పు కర్ర చేతికొస్తే తర్వాతి దెబ్బ గురి తప్పుతుంది.

సబ్‌స్టిట్యూట్లు అయిదుగురు. రక్తం కారితే తాత్కాలికంగా దించేవాడు ఆ లెక్కలోకి రాడు. కొత్త మేనేజర్లు అయిదుగురినీ 50వ నిమిషం తర్వాత దాచుకుంటారు. అప్పటికి మ్యాచ్ పోయి ఉంటుంది. ఎదుటి ఆటగాడు మన హాఫ్ బ్యాక్ మీద పావుగంటలో మూడు పాయింట్లు కొడితే ముందు స్థానం మార్చి చూడాలి, అయిదు నిమిషాల్లో తేడా లేకపోతే మనిషిని మార్చాలి.

ఇక అసలు కష్టం. ఊరి క్లబ్బులో మేనేజర్ తప్పించేది పక్కింటివాళ్ల అబ్బాయిని, ఒక్కోసారి తనతో కలిసి ఆడిన స్నేహితుణ్ణి. షెఫ్లిన్ మేనేజరయ్యేసరికి అతనితో కలిసి 2015 క్లబ్ ఫైనల్ గెలిచినవాళ్లు, మైకెల్ ఫెనెలీ, కాలిన్ ఫెనెలీ, టీజే రీడ్ లాంటివాళ్లు, ఇంకా జట్టులోనే ఉన్నారు. ఇలాంటిచోట ఒక పద్ధతి తప్పనిసరి. జట్టు పేర్లు చదివే ముందే తప్పించినవాడిని విడిగా పిలిచి, ముఖం చూసి, కారణం ఒక్క వాక్యంలో చెప్పాలి. ఫోన్ సందేశం పంపకూడదు, సెలెక్టర్‌తో చెప్పించకూడదు. ఏం చేస్తే తిరిగి వస్తాడో కూడా అప్పుడే చెప్పాలి. అది దాటేసిన మేనేజర్ మ్యాచ్ గెలిచినా ఆ ఇంటినుంచి తర్వాత వచ్చే తమ్ముణ్ణి పోగొట్టుకుంటాడు.

కిల్కెన్నీలో సీనియర్ క్లబ్బులు పన్నెండు. లీగ్ దశ అయ్యాక అంతా నాకౌటే. కౌంటీ క్వార్టర్ ఫైనల్ నుంచి మొదలుపెడితే కౌంటీలో మూడు, లెన్‌స్టర్ ప్రాంతంలో మూడు, దేశస్థాయిలో రెండు మ్యాచ్‌లు. ఎనిమిదింటిలో ఒక్కటి ఓడినా ఇంటికే. షెఫ్లిన్ రెండు సీజన్లలోనూ ఒక్క నాకౌట్ కూడా ఓడలేదు. 2019 మార్చి 17న సెయింట్ థామస్ మీద, 2020 జనవరి 19న బోరిస్-ఐలీ మీద 0-18, 0-15 తేడాతో గెలిచారు. రెండో ఫైనల్లో గోలే లేదు. మొదటి ఏడాది విరగబడి ఆడిన జట్టు, రెండో ఏడాది చలికాలపు బరువు నేల మీద బిగబట్టి గెలిచింది. మాకు ఆ రెండో విజయమే ఎక్కువ ముచ్చటేస్తుంది.

ప్రశ్న (హైదరాబాద్, రాజమహేంద్రవరం నుంచి): అంత బాగా చేసినవాడు గాల్వే కౌంటీకి వెళ్లి ఎందుకు గెలవలేకపోయాడు?

జవాబు: 'గెలవలేకపోయాడు' అన్నమాట నిజమే, కానీ ఎంత దగ్గర్లో ఆగిపోయాడో కూడా చూడాలి. 2021 అక్టోబరులో గాల్వే బాధ్యత తీసుకున్నాడు. 2022లో లెన్‌స్టర్ ఫైనల్లో కిల్కెన్నీ చేతిలో ఓటమి, ఆల్ ఐర్లండ్ సెమీఫైనల్లో లిమరిక్ చేతిలో 0-27, 1-21, మూడు పాయింట్ల తేడా. ఆ లిమరిక్ అప్పుడు వరస చాంపియన్. 2023 లెన్‌స్టర్ ఫైనల్ మరీ ఘోరం. ఆఖరి క్షణం దాకా గాల్వే ముందుంది. కిలియన్ బక్లీ కొట్టిన గోల్‌తో కిల్కెన్నీ 4-21, 2-26 తేడాతో, అంటే 33కి 32తో, లాక్కుంది. బక్లీ గోల్‌కి ముందు గాల్వే బంతిని మైదానం అవతలికి కొట్టేసి ఉంటే చాలు. ఆ ఏడు కూడా సెమీఫైనల్లో లిమరిక్ చేతిలోనే పోయింది. 2024లో లెన్‌స్టర్ దశే దాటలేదు, ఆ జూలైలో తప్పుకున్నాడు.

కారణాల్లో మాకు పెద్దదిగా కనిపించేది ఒకటే. బాలీహేల్‌లో అతను కొత్తగా నిర్మించాల్సింది తక్కువ, కాపాడుకోవాల్సింది ఎక్కువ. 1980ల్లో ఫెనెలీ సోదరులు ఏడుగురు ఒకే జట్టులో ఆడిన క్లబ్బు అది. 2018 నుంచి 2022 దాకా అయిదేళ్లు వరసగా కౌంటీ చాంపియన్. షెఫ్లిన్ వెళ్లాక వేరే మేనేజర్ల చేతుల్లోనూ నిలబడింది. 2022 దేశస్థాయి క్లబ్ ఫైనల్లో బాలీగన్నర్ చివరి క్షణంలో కొట్టిన గోల్‌తో వాళ్ల చేతిలో 2-17, 1-19 తేడాతో ఓడినా, 2023 జనవరిలో డన్‌లాయ్ మీద 1-22, 1-15 తేడాతో తొమ్మిదో టైటిల్ గెలిచింది. అంతమాత్రాన షెఫ్లిన్ పని తేలికైపోదు. అంత అలవాటుపడ్డ జట్టుని ఆకలిగా ఉంచడం చిన్న పని కాదు. గాల్వేలో 2017లో గెలిచిన తరం వయసు మీదపడుతోంది, జో కానింగ్ 2021లోనే తప్పుకున్నాడు, ఆటగాళ్లు వేరే వేరే క్లబ్బులనుంచి వస్తారు, మేనేజర్ బయటి కౌంటీవాడు. కొత్త జట్టుని మొదటినుంచి కట్టాలి. అది వేరే పని, దానికి మూడేళ్లు చాలవు.

పైగా మొదటి ఏడాది ఎదురుగా నిలబడింది తనని తీర్చిదిద్దిన కోడీయే. 2022 మేలో గాల్వే కిల్కెన్నీని ఓడించాక ఆ ఇద్దరూ కలిపిన బిగుసుకున్న కరచాలనం మీద పత్రికలు వారాలపాటు రాశాయి. దానికి అంత ప్రాధాన్యం అక్కర్లేదు.

ప్రశ్న (విశాఖపట్నం నుంచి ఒక ఫిజియోథెరపీ విద్యార్థిని): షెఫ్లిన్ మోకాలి గాయాల గురించి చెప్పండి.

జవాబు: మోకాలి ముందరి క్రూసియేట్ లిగమెంటు రెండుసార్లు తెగింది. మొదటిసారి 2007 ఆల్ ఐర్లండ్ ఫైనల్లో. ఆ ఏడాది కౌంటీ కెప్టెన్ అతనే. కిల్కెన్నీలో క్లబ్ చాంపియన్ అయినవాళ్లే తర్వాతి ఏడాది కౌంటీ కెప్టెన్ని పంపుతారు, 2006 చాంపియన్ బాలీహేల్. ఫస్టాఫ్‌లో గోల్ కొట్టి, గాయంతో సెకండాఫ్‌కి రాలేక, మ్యాచ్ అయ్యాక అదే కాలితో మెట్లెక్కి కప్పు అందుకున్నాడు. రెండోసారి 2010 ఆగస్టు సెమీఫైనల్లో. సరిగ్గా నాలుగు వారాలకే ఫైనల్లో దిగాడు, పదమూడు నిమిషాల్లో బయటికొచ్చాడు. వరసగా అయిదో టైటిల్ కోసం ఆడిన కిల్కెన్నీ ఆరోజు టిప్పరేరీకి ఓడిపోయింది.

హర్లింగ్‌లో ఈ గాయం ఎక్కువగా ఎవరూ తగలకుండానే జరుగుతుంది: పరుగులో పాదం నేలలో దిగబడి ఉండగా శరీరం తిరగడం, లేదా బంతి కోసం ఎగిరి ఒంటికాలి మీద దిగడం. శస్త్రచికిత్స అయ్యాక తొమ్మిది నెలలలోపు ఆటకి తిరిగొస్తే మళ్లీ తెగే ప్రమాదం బాగా ఎక్కువని ఇప్పుడు అందరూ ఒప్పుకుంటున్నారు. నెలలొక్కటే సరిపోవు. రెండు కాళ్ల తొడ బలంలో తేడా పది శాతం లోపుండాలి, ఒంటికాలి గెంతుల్లో కూడా అంతే. జీఏఏ క్లబ్బులు వాడే పదిహేను నిమిషాల వార్మప్ పద్ధతిలో గెంతి మెత్తగా దిగడం, ఒంటికాలి నిలకడ, తొడ వెనక కండరం వ్యాయామాలు అందుకే ఉన్నాయి. మేనేజర్లు టైము లేదని కోసేసేది కూడా వీటినే.

ప్రశ్న (డబ్లిన్ నుంచి ఒక తల్లి): మా బాబుకి ఎనిమిదేళ్లు, స్కూలు స్నేహితులతో పాటు ఇక్కడి జీఏఏ క్లబ్బులో చేర్పించాం. ఎంత కర్ర కొనాలి? ఇండియాలో కొన్నాళ్లు హాకీ ఆడాడు, పట్టు తప్పు అంటున్నారు. మావారు కూడా కోచింగ్‌లో సాయం చేస్తానంటున్నారు, చేయొచ్చా అండీ?

జవాబు: తప్పకుండా చేయొచ్చు. ముందు కర్ర సంగతి. బాబుని బూట్లతో నిటారుగా నిలబెట్టి, చేతులు పక్కకి వదిలేసి, బాస్ నేల మీద పాదం పక్కన ఆనించండి. పిడి చివర మణికట్టు ఎముక దగ్గరికి రావాలి. ఎనిమిదేళ్లకి సాధారణంగా 26 నుంచి 28 అంగుళాలు. రెండేళ్లు వస్తుందని పొడుగుది కొనకండి. పొడుగు కర్రని పిల్లలు మధ్యలో పట్టుకుంటారు, ఆ అలవాటు పోగొట్టడం చాలా కష్టం.

మంచి కర్ర యాష్ చెట్టు మొదలునుంచి, వేరు విచ్చుకునే చోటునుంచి కోస్తారు. అక్కడ చెక్క ఈనె సహజంగానే వంగి ఉంటుంది. కొనేటప్పుడు ఈనె గీతలు పిడినుంచి బాస్ వంపుతో పాటు తిరుగుతున్నాయా అని చూడండి. వంపు దగ్గర గీతలు అడ్డంగా తెగిపోతే అక్కడే విరుగుతుంది. 2012లో ఐర్లండ్‌లో బయటపడ్డ యాష్ చెట్ల తెగులు వల్ల కలప కరువైంది, ఇప్పుడు వెదురు కర్రలు, సింథటిక్ కర్రలు కూడా వాడుతున్నారు. మొదటి ఏడాదికి అవి చాలు.

హాకీలో ఎవరైనా ఎడమ చెయ్యే పైన పెట్టాలి. ఇక్కడ బలమైన చెయ్యి పైన ఉండాలి, కుడివాటం పిల్లవాడికి కుడిచెయ్యి. కుడిచేత్తో కర్రని ఒంటరిగా పట్టుకుని, ఎడమ అరచేత్తో బంతి అందుకోవడం ముందు నేర్పండి. గోడకి రెండు మీటర్ల దూరంలో నిలబెట్టి మెత్తటి బంతితో రోజూ పది నిమిషాలు కుడివైపు, ఎడమవైపు కొట్టించండి. నేల మీది బంతి లేపేటప్పుడు మోకాళ్లు వంచి, బంతి పక్కన పాదం వేసి, కర్ర దాదాపు నేలకి సమాంతరంగా దించి, బాస్ కొసని బంతి కిందికి జార్చాలి. కర్ర నిలువుగా ఉంటే బంతి లేవదు, ముందుకి దొర్లుతుంది. పిడి పొట్ట వైపు కాకుండా నడుము పక్కకి ఉండాలి. లేకపోతే ఎవరైనా వచ్చి గుద్దుకున్నప్పుడు పిడి పక్కటెముకల్లోకి దిగుతుంది.

హెల్మెట్ ముఖకవచంతో, ఐఎస్ 355 గుర్తున్నది కొనండి. 2010 నుంచి అన్ని వయసులవారికీ తప్పనిసరి. ముఖకవచం కడ్డీ ఒక్కటి వంచినా, కోసినా గాయాల సహాయ పథకం వర్తించదు, పాత హెల్మెట్ ఎవరైనా ఇస్తే ముందు అది చూడండి.

మీవారి విషయానికొస్తే, క్లబ్ సభ్యత్వం తీసుకుని మూడు పనులు పూర్తిచేయాలి: పోలీసు శాఖ చేసే పూర్వాపరాల తనిఖీ (గార్డా వెటింగ్), బాలల రక్షణ శిక్షణ, జీఏఏ తొలి స్థాయి కోచింగ్ కోర్సు. హర్లింగ్ ముందు ఆడి ఉండాలన్న షరతు లేదు. వెటింగ్‌కి కొన్ని వారాలు పట్టొచ్చు, అది రాకుండా పిల్లల మైదానంలోకి దిగనివ్వరు. ఫారం ఇవ్వాల్సింది క్లబ్బు బాలల అధికారికి. విదేశాల్లో నివసించిన చిరునామాలు కూడా రాయమంటారు, ఇండియా చిరునామాలు తేదీలతో సహా సిద్ధంగా పెట్టుకోమనండి.